లెక్కకు సౌదీ

డెబ్బైకి దగ్గరపడిన మసూద్‌కు ఎడమ మోకాలు వంగదు. ఒకప్పుడు సౌదీ జాతీయ ఫుట్‌బాల్ జట్టులో ఆడినవాడు. తల్లిది నిజామాబాద్ కాబట్టి అప్పట్లో అక్కడి జనం "హిందీ", అంటే ఇండియావాడు, అని ఎగతాళి చేసేవారు. ఇప్పుడు ఉద్యోగుల్లో సౌదీల సంఖ్య తగ్గితే విదేశీ కూలీల నివాస అనుమతులు, ఇఖామాలు, ఆగిపోతాయని, సులై పారిశ్రామికవాడలోని ఓ కంపెనీ అతణ్ని పేరుకు సూపర్‌వైజర్‌ను చేసి కుర్చీలో కూర్చోబెట్టింది. మేనేజర్ "మా అసలైన సౌదీ" అని చూపించినప్పుడల్లా అతను మొహం పక్కకు తిప్పుకుంటాడు.

కార్మిక శాఖ తనిఖీ రోజు మేస్త్రీ మల్లేశం వచ్చి అతని చేతులు పట్టుకున్నాడు. "నువ్వు నిజం చెప్తే మా బతుకులు ఆగమైతయ్ చాచా."

"ఇక్కడ నీ పనేమిటి?" అని అధికారి అడిగాడు.

మసూద్ మల్లేశం వైపు చూశాడు. "సూపర్‌వైజర్‌ని."

అధికారి వెళ్లగానే కుళాయి దగ్గరికి కుంటుకుంటూ వెళ్లి, మూడుసార్లు నోరు పుక్కిలించి ఉమ్మాడు.