రుమాలు కింది లోకం

నా చిన్నప్పుడు, తొమ్మిదేళ్ళ వయసులో, బేగంబజార్‌లో ఏ మొనగాడూ చేయని పని చేశాను: దలాలు రుమాలు ఎత్తేశాను. కొత్తిమీర కట్టకైనా బేరమాడకుండా ఇల్లు చేరని మనిషిని నేను. నేను చేసిన బేరాలన్నిటిలోకీ చెడ్డది అదే.

నిజాం నాణెం హాలీ సిక్కా చెల్లే రోజులవి. మా తాతయ్య పసుపు దలాలు, అమ్మేవాడికీ కొనేవాడికీ మధ్య బేరం కుదిర్చే మనిషి. టోకు ధరను నోటితో చెప్పేవారు కాదు. కొనేవాడూ దలాలూ చేతులు కలిపి, పైన రుమాలు కప్పుకునేవారు. లోపల ఎన్ని వేళ్ళు నొక్కితే అంత ధర. ముఖాలు మాత్రం ఎండ గురించి మాట్లాడుకుంటున్నట్టు ఉండేవి.

ఆ పనిలోంచే మా తాతయ్యకూ, ఆయన స్నేహితులు నలుగురికీ ఒక మతం పుట్టింది. శుక్రవారం మధ్యాహ్నం బజారు నెమ్మదించాక చింతపండు కొట్టు వెనక చేరేవారు. సృష్టికి ముందు చీకటి కూడా లేదట; ఒక రుమాలు, దాని కింద రెండు చేతులు, అంతే. వేళ్ళకూ వేళ్ళకూ కుదిరిన చోటల్లా ఒక వస్తువు పుట్టింది. రాయి బేరం తొందరగా కుదిరింది, అందుకే గట్టిది. నీటి బేరం ఇంకా తేలలేదు, అందుకే నిలవదు. కల అంటే ఒక చెయ్యి అడిగితే రెండో చెయ్యి కాదన్న ధర. ఆ రుమాలే ఆకాశం. బజారంతా వాళ్ళను చూసి నవ్వేది. నేను మాత్రం పసుపు బస్తాల మీద వెల్లకిలా పడుకుని, రేకుల సందులోంచి కనిపించే నీలం ముక్క వెనక వేళ్ళు కదులుతున్నాయని గంటల తరబడి నమ్మేదాన్ని. నిద్రకూ మెలకువకూ మధ్య ఆ ముక్క నిజంగానే ముడతలు పడేది.

“గా చేతులు ఎవలియి తాతా?”

“రుమాల్ లేపితే బేరమే ఉండదు బిడ్డా. ఎవలియైతే నీకేందే?”

“లేపితే లోకం గూడ పోతదా?”

“పోతదేమో. లేపి చూసినోడు ఎవడున్నడు?”

చూడకుండా సరుకు తీసుకునే రకాన్ని కాదు నేను. మర్నాడు తాతయ్య ఒక సేటుతో చేతులు కలిపి కూర్చున్నప్పుడు, చుట్టూ పదిమంది ఉండగా, కళ్ళు గట్టిగా మూసుకుని, మనసులోనే లోకానికి సలాం కొట్టి, రుమాలు లాగేశాను.

కళ్ళు తెరిస్తే లోకం ఎక్కడిదక్కడే ఉంది. పసుపంటిన రెండు ముసలి చేతులు, తిరునాళ్ళలో తప్పిపోతామని భయపడే పిల్లల్లా, ఒకదాన్నొకటి పట్టుకుని ఉన్నాయి.

ఇక లొల్లి మొదలైంది. సేటు చెయ్యి వెనక్కి లాక్కున్నాడు. “క్యా దలాల్ సాబ్, ఏందిది! నా ధర బజార్ల పడ్డది. రేపటి సంది ఈ పోరి గీ గల్లీల కనవడొద్దు!”

బజారు కట్టుబాటు అది. బయటివాళ్ళు రుమాలు లాగితే వాళ్ళు మళ్ళీ ఆ గల్లీ తొక్కకూడదు. దలాలే లాగిస్తే, ఆ దలాలు చేతిలో ఇక ఎవరూ చెయ్యి పెట్టరు. ఆ గల్లీ తప్ప నాకు వేరే ఊరు తెలియదు. 

తాతయ్య నా ముఖం చూశారు. “పోరినేమనకు సేటూ. నేనే లేపమన్న.”

“పిచ్చి లేసిందా నీకు?”

“లేసిందనుకో.”

ఇంటికి నడుస్తూ, నిజంగా తెలుసుకోవాలన్నట్టు అడిగారు. “లోపట ఏం కనవడ్డదే?”

“నీ చెయ్యి, సేటు చెయ్యి. గంతే.”

 “అయితే ఫికర్ లేదు బిడ్డా,” అన్నారు తాతయ్య. “పట్టుకున్నోళ్ళయితే ఉన్నరు.”

నేను ఆ గల్లీలోనే పెరిగాను. మనిషిని చూసి ధర చెప్పడం అక్కడే నేర్చుకున్నాను. నా సంసారాన్ని గట్టెక్కించింది ఆ విద్యే. తాతయ్య మాత్రం పొద్దున్నే వచ్చి చింతపండు కొట్టు ముందు కూర్చునేవారు. ఎవరూ చెయ్యి చాచేవారు కాదు.

నిజాయితీగా చెప్పాలంటే లెక్క ఇదీ: నాకు దక్కింది ఒక బతుకు, ఆయనకు పోయింది చేతిలోని పని. ఆయన ఏనాడూ ఆ ఊసెత్తలేదు. ఎదుటివాడు అడగనిది ఇవ్వకూడదని నేర్చినదాన్ని కదా, తప్పయింది తాతా అని నేనూ ఒక్కసారైనా అనలేదు. ఆ మాట ఇప్పటికీ నా దగ్గరే ఉండిపోయింది.