ట్రంక్ బోర్డు దగ్గర గట్టిగా అడిగిన మాట

1961, మిర్చి సీజను. గుంటూరు టెలిఫోన్ ఎక్స్ఛేంజిలో ట్రంక్ బోర్డు దగ్గర మేం ఇద్దరమే ఆడవాళ్ళం. ఊరూరి లైన్లకూ వేర్వేరు రంధ్రాలున్న బోర్డది. కాల్ రాగానే ‘కార్డ్’ అనే తీగను అవతలి ఊరి రంధ్రంలో గుచ్చి కలపాలి. “ఆడపిల్లలు గొంతు పెంచకూడదు” అని సూపర్‌వైజరుగారు రోజూ చెప్పేవారు. ఆ లైన్ల మీద గొంతు పెంచకుండా ఆయన్నే ఒక పూట మాట్లాడమనాలని ఉండేది నాకు.

ఒక మధ్యాహ్నం సత్తెనపల్లి పోస్టాఫీసు నుంచి ఒక రైతు, గుంటూరు మిషన్ ఆసుపత్రి డాక్టరమ్మ కావాలన్నాడు. కలిపాను. లైనంతా గరగర. ఒకరి మాట ఒకరికి వినపడటం లేదు, మధ్యలో ఉన్న నాకు మాత్రం ఇద్దరిదీ అందుతోంది. అలాంటప్పుడు ఆపరేటరే ఇటు మాట అటు చేర్చాలి.

“మా ఆవిడకి పొద్దున కాన్పయిందండి. బాగోలేదు,” అన్నాడు.

“ఏమైందండీ?” అన్నాను.

“ఆడోళ్ళ సంగతండీ. ఇక్కడ జనం ఉన్నారు. ఎట్టా చెప్పేది?”

డాక్టరమ్మకు చెప్పాను. “రక్తం పోతోందా, బిడ్డ తరవాత మాయ పడిందా, అడుగమ్మా,” అందావిడ.

నేను పెళ్ళికాని పిల్లని, హాల్లో చుట్టూ మగవాళ్ళు. మెల్లగా అడిగితే అతనికి వినపడలేదు. మళ్ళీ అడిగితే “ఆఁ?” అన్నాడు. మిర్చి వ్యాపారులు లైను కోసం కాచుకుని ఉన్నారని సూపర్‌వైజరుగారు గడియారం చూపిస్తున్నారు. ఈ లైను తెగితే ఆ తల్లి ఉసురు నాకే తగులుతుందని భయం పట్టుకుంది.

“మాయ పడిందా, లేదా?” అని అరిచాను. హాల్లో అందరూ నా వైపు తిరిగారు.

“పళ్ళేదమ్మా. నెత్తురు ఆగట్లా. మంత్రసాని బొడ్డుతాడు పట్టుకుని లాగుతానంటంది.”

“లాగనివ్వొద్దు, వెంటనే తీసుకురమ్మను,” అంది డాక్టరమ్మ కంగారుగా.

“తాడు లాగొద్దు. లాగితే ప్రాణం పోతుంది. జీపు మాట్లాడి ఆసుపత్రికి తీసుకురండి,” అని నేను ఇంకా పెద్దగా అరిచాను. ఇల్లు వెనక వీధిలోనేనంటూ ఫోను వదిలేసి పరిగెత్తాడు.

ఆ మాట సమయానికి చేరిందో లేదో నాకెలా తెలుస్తుంది? ఆపరేటరుకు కథ సగమే తెలుస్తుంది. ఆ పూట అన్నం సయించలేదు. మర్నాడు ఉండబట్టలేక ఆసుపత్రికి నేనే ఫోన్ చేశాను. తల్లి బతికిందన్నారు. హెడ్‌సెట్ పెట్టుకునే ఏడ్చేశాను.

“ఆడపిల్ల అనాల్సిన మాటలా నిన్నటివి?” అన్నారు సూపర్‌వైజరుగారు.

“మరి ఎవరనాలండీ?” అన్నాను. ఆయన తన కుర్చీలోకి వెళ్ళి కూర్చున్నారు.

చాలా ఏళ్ళకు ఆ కుర్చీ నాకొచ్చింది. కొత్తగా చేరిన అమ్మాయిల చేత మొదటిరోజే ‘మాయ పడిందా, లేదా?’ అని గట్టిగా అడిగించేదాన్ని. కొందరు సిగ్గుతో ఏడ్చేవారు. “ఏడిస్తే ఏడువు తల్లీ, సత్తెనపల్లిలో మాత్రం వినపడాలి,” అనేదాన్ని.