సున్నపు గీత లోపల

మా కువాలా సెమాంగ్‌లో జుసో అంటే గడ్డి కోసే జుసోయే. రాజుగారి ఫుట్‌బాల్ మైదానం అతని చేతిలోనే పచ్చగా ఉంది. మనిషికి భయం తక్కువ, మర్యాద ఎక్కువ. మలయ్ రాజవంశంతో మాట్లాడాలంటే మాకు వేరే మాటలున్నాయి. వాళ్లు తినరు, ఆరగిస్తారు. వాళ్ల ముందు మనం 'నేను' అనకూడదు, 'ఈ దాసుడు' అనాలి. జుసోకి అవన్నీ కంఠతా వచ్చు.

రాకుమారుడు తెంకు ఇద్లాన్ పెద్ద వ్యాపారి. మూడు దేశాల్లో ఫుట్‌బాల్ క్లబ్బులున్నాయి. అయినా ఊళ్లో ఉంటే శుక్రవారం సాయంత్రం మాతోనే ఆడతాడు. ఓ శుక్రవారం, గోలు ముందు ఖాళీగా నిలబడ్డ జుసో, ఇద్లాన్ కాళ్ల దగ్గరున్న బంతి అడిగాడు.

"ఏలినవారు మన్నించాలి, ఈ దాసుడికి ఆ బంతి..."

మాట పూర్తయ్యేలోపే అవతలి జట్టు బంతి లాక్కుపోయి గోలు కొట్టేసింది.

ఇద్లాన్‌కి ఒళ్లు మండింది. "ఏంటీ దండకం, జుసో మామా! ఈ సున్నపు గీత లోపల నేను రాకుమారుణ్ణి కాదు, ఉత్త ఇద్లాన్‌ని!"

"చిత్తం" అన్నాడు జుసో.

కాసేపటికి ఇద్లాన్ బంతి ఎవరికీ ఇవ్వకుండా నలుగురి మధ్యకి దూరాడు. జుసో గీత దాటి బయటికెళ్లి, జోడించిన చేతులు నుదుటికి ఆనించాడు.

"ఏలినవారు మన్నించాలి."

వెంటనే లోపలికి దూకాడు.

"ఒరే ఇద్లాన్! బంతి ఇటివ్వరా! దాన్ని కూడా కొనేశావా ఏంటి?"

మేమంతా బిగుసుకుపోయాం. బంతి మాత్రం సూటిగా జుసో కాళ్ల దగ్గరికొచ్చింది.