ఆపకుండా ఉంచిన కెమెరా

ఆ సంచీ జిప్పు లాగితే ఇప్పటికీ అగరు ధూపం, రెక్సిన్, సన్నటి దుమ్ము కలిసిన వాసన వస్తుంది. లోపల నాన్న కొన్న వీడియో కెమెరా, ఒకే ఒక్క క్యాసెట్. దాన్ని అటక మీంచి దింపడానికి కారణం విమల. ఆమె ఛాయాగ్రాహకురాలిగా పనిచేసిన జర్మన్ డిటెక్టివ్ సీరియల్లో ఆమె పేరు ఒక్కటే తెర మీద తీరిగ్గా పడింది. మనస్ఫూర్తిగా సంతోషించాను, సుమారు నాలుగు సెకన్లు.

తొంభైల్లో, గల్ఫ్‌లోని మా ఫర్వానియా ఫ్లాట్లో, తెలిసినవాళ్ళెవరు సెలవు మీద కోనసీమ వెళ్తున్నా, వాళ్ళ చేత అమ్మమ్మకి పంపే క్యాసెట్ కోసం ఆ ముందు శుక్రవారం మాకు షూటింగ్. పొద్దున్నే తెచ్చిన వేడి ఖుబ్బూస్ రొట్టెలు, గారెల నూనె ఘుమఘుమ, ఏసీ హోరు, పట్టుచీరలోంచి కలరా ఉండల వాసన, వీటన్నిటి మధ్యా కెమెరామన్‌ని నేను. షువైఖ్ గ్యారేజీలో మెకానిక్కయిన నాన్న నాకు నేర్పిన సూత్రాలు రెండే: కెమెరా కదలకూడదు, కొన్న వస్తువేదీ మిగలకూడదు. అందుకని తలుపు తీసిన ఫ్రిజ్, తలుపు మూసిన ఫ్రిజ్, టీవీ, తివాచీ వరసగా తీసి, చివర్లో అమ్మని తీసేవాణ్ణి. అమ్మ ఇఖామా అనే నివాస అనుమతి కార్డు ఫోటోకి నిలబడ్డట్టు రెండు చెవులూ కనిపించేలా నిలబడి, "మేం బాగున్నాం" అనేది. అనగానే ఆపేసేవాణ్ణి.

విమల ఎదురు ఫ్లాట్ నర్సు ఆంటీ కూతురు, నా క్లాసే. వెలుతురు కోసం కర్టెన్ పక్కకి లాగి పట్టుకోవడం ఆమె పని.

"ఫ్రిజ్ ఏవన్నా పారిపోద్దేంట్రా, అంత గట్టిగా పట్టుకున్నావ్?" అనేది.

ఒక శుక్రవారం నాకు ఆటలమ్మ పోసింది. ఊరెళ్ళే మనిషికి మర్నాడే విమానం. గత్యంతరం లేక నాన్న కెమెరా విమలకిచ్చారు. ఆమె ఫ్రిజ్ సంగతే మరిచిపోయింది. "మేం బాగున్నాం" అన్నాక, అయిపోయిందనుకుని అమ్మ తివాచీ మీద కూలబడింది. గాజులు ఒక్కొక్కటే తీసి ఒళ్ళో పెట్టుకుంది. దుమ్ముగాలికి పసుపెక్కిన కిటికీ వైపు చాలాసేపు చూస్తూ ఉండిపోయింది. విమల ఆపలేదు. దాని కాపీయే ఈ సంచీలో ఉన్నది.

రెండు వారాలకి అమ్మమ్మ ఫోన్లో నన్ను పిలిపించింది.

"ఎప్పుడూ మీ ఫ్రిజ్జే కనపడేదిరా. ఈసారి నా కూతురు కనపడింది. ఎవర్రా తీసింది?"

"నేనే అమ్మమ్మా."

పక్కనే అమ్మ ఫోన్ తీగ చిక్కులు తీస్తూనే ఉంది. తివాచీ మీద ఖుబ్బూస్ తుంచుకుంటున్న విమల ఒకసారి తలెత్తి చూసి, మళ్ళీ తినడంలో పడింది. ఆ తర్వాత కెమెరా ఆమె చేతికి ఇవ్వలేదు. బ్యాటరీ పాడవుతుందన్నాను. ఆమె గొడవైనా పడలేదు. అది నాకు మరీ మంటగా ఉండేది.

తర్వాత ఆమె జర్మనీలో సినిమా చదువు చదివి, ఏళ్ళ తరబడి ఇంకొకరి కెమెరా పెట్టెలు మోసి, సీరియళ్ళకీ, ఇప్పుడు సినిమాలకీ పనిచేస్తోంది. నేనూ కెమెరాల్లోనే స్థిరపడ్డాను. షువైఖ్ గోదాములకి సీసీ కెమెరాలు బిగిస్తాను. అవి అస్సలు కదలవు. ఆమె సీరియల్లో పోలీసులు వెళ్ళిపోయాక ఒక తల్లి కుర్చీలో కూలబడి, చేతి గడియారం తీసి, కిటికీ వైపు చూస్తుంది. కెమెరా ఆగదు. ఆ తల్లిని నేనెరుగుదును.

ఇప్పుడు ఊరెళ్ళేవాళ్ళతో ఎవరూ క్యాసెట్లు పంపరు. కెమెరా ఎప్పుడో పాడైంది, ఈ ఒక్కదాన్ని ఆడించే మెషీన్ కూడా ఎక్కడా దొరకడం లేదు. కాకినాడలో చెల్లి దగ్గరుంటున్న అమ్మ రోజూ వీడియో కాల్లో సగం నుదురుగా కనిపిస్తుంది. "ఉంటాన్రా" అనగానే కట్ చేసేస్తాను. సీరియల్ చూసిన రోజు మాత్రం చెయ్యలేదు. అమ్మ ఫోన్ దేనికో ఆనించి, కళ్ళజోడు తీసి, పైటచెంగుతో కళ్ళు ఒత్తుకుని, కిటికీ వైపు చూస్తూ కూర్చుంది. కాసేపటికి నన్ను గమనించింది.

"ఇంకా పెట్టెయ్యలేదేంట్రా?"

"ఊరికేనమ్మా."

"ఆ రోజు విమలా ఇంతే, ఎంతకీ ఆపలేదు," అంది అమ్మ. "పోన్లే, నీకూ వచ్చింది."