కెమెరా వైపు తిప్పిన ఫోన్

పొద్దున ఏడున్నరకే జమ్మికుంట స్టేషన్లో ఆసిఫాబాద్ రోడ్‌కు రెండు టికెట్లు తీసుకున్నాను. ఆసిఫాబాద్‌లో సినిమా మూడింటికి వేస్తారట. రైలు ఆలస్యమైనా, దిగాక బస్సు దొరక్కపోయినా ఇంకో గంట మిగిలేలా లెక్కవేశాను. నా లెక్కలు బడిలో నేర్చినవి కావు, పత్తి యార్డులో తూకాల దగ్గర వచ్చినవి. అయినా మళ్లీ మళ్లీ మొదటి నుంచి సరిచూసుకున్నాను.

పక్కన మా చెల్లె సరోజ. గల్ఫ్‌కు పోయినవాళ్ల భార్యల మీద డాక్యుమెంటరీ తీస్తామని వానాకాలంలో ఇద్దరు మా ఊరొచ్చారు. సరోజ కెమెరా ముందు బీడీలు చేస్తుంటే దుబాయి నుంచి ఆమె భర్త, మా బావ మల్లేశం వీడియో కాల్ చేశాడు. మా దిక్కు ఇంటికి ఎవరొచ్చినా ఫోన్ అటు తిప్పి పలకరింపజేస్తాం. ఆమె కెమెరాకూ అట్లాగే తిప్పింది. బావ మురిసిపోయి తానుండే గది, పనిచేసే దుకాణం బోర్డు, అన్నీ చూపించాడు. వీసా ఇచ్చిన యజమానిని వదిలి, కాగితాలు లేకుండా వేరేచోట పనిచేస్తున్న మనిషి అతను. పట్టుబడితే జైలే. సినిమా చూడటానికి రమ్మని కబురొచ్చాక గానీ అది నలుగురూ చూస్తే ఆయనకు ముప్పన్న సంగతి మాకు తట్టలేదు. తిరిగి ఫోన్ చేస్తే వాళ్లు ఎత్తలేదు. అందుకే బొమ్మ పడకముందే చేరి ఆ ముక్క తీయించాలని బయల్దేరాం.

పెద్దపల్లి దాటాక ఎదురు సీటాయనతో సినిమా సంగతి నోరుజారి చెప్పాను. "సినిమాల పడ్డవా చెల్లె? ఇంటికి పోయినంక దిష్టి తీపిచ్చుకో," అని నవ్వాడు. సరోజ నవ్వలేదు. మంచిర్యాలలో చాయ్ తాగాం గానీ సద్ది విప్పలేదు. బెల్లంపల్లి అవతల రైలు ఆగిపోయి, నేను మిగిల్చుకున్న గంటను మింగేసింది. దిగేసరికి బస్సు వెళ్లిపోయింది. షేర్ ఆటోలో ఇరుక్కుని హాలు చేరేసరికి మూడుకు పది నిమిషాలే ఉంది. కుర్చీలు నిండుతున్నాయి, అందరి చేతుల్లోనూ ఫోన్లే.

అప్పుడు ఊరొచ్చిన ఇద్దరిలో సినిమా తీసిన అమ్మాయి మా మాట విని తెల్లబోయింది. బోర్డు, ముఖం మసక చేస్తానంది. సరోజ ఆమె చేయి పట్టుకుంది.

"మసక జేసినా గొంతు ఇనవడతది బిడ్డా. ఊరి పేరు గూడ చెప్పిండు. నన్ను ఉంచుకో, ఆయనను ఇడిచిపెట్టు."

ఆ అమ్మాయి లాప్‌టాప్ ముందు కూర్చుని ఆ భాగం కోసేసింది. సినిమా ఆలస్యంగా మొదలైంది. తెరమీద ఫోన్ మోగగానే అందులో బీడీలు చేస్తున్న సరోజ తలెత్తింది, ముఖం వెలిగింది. అంతలోనే బొమ్మ మారిపోయింది. సినిమా అయిపోయాక అందరూ చప్పట్లు కొట్టారు.

బయటికొచ్చాక ఆ అమ్మాయి తలవంచుకుని ఇంకో మాట చెప్పింది. బావ మాట్లాడిన చిన్న ముక్కను పోయినవారమే ఒక వాట్సాప్ గ్రూపులో పెట్టిందట, ఇప్పుడు తీసేసిందట. ఎంతమంది చూశారని అడిగాను. తెలియదంది.

సాయంత్రం రైల్లో సీట్లు సుఖంగానే దొరికాయి. వచ్చిన పని అయిందనే చెప్పాలి, భయం మాత్రం మాతోనే ఎక్కింది. కాగజ్‌నగర్ నుంచి వస్తున్న ఒకామె సరోజకు జామకాయ ఇచ్చి మాట కలిపింది.

"మీ ఆయన ఏం జేస్తడు చెల్లె?"

ఈ ప్రశ్నకు సరోజ ఎప్పుడూ ఫోన్ తీసి ఫొటోలు చూపించేది. ఈసారి కొంగు సర్దుకుంది.

"ఇంటికాడనే ఉంటడక్కా. పొలంల ఎవుసం."