దొరబాబు కొట్టులో నెత్తళ్ళ వేపుడు

జాలరిపేటలో దొరబాబు కొట్టుకి దారి చెప్పలేని మగాడు లేడు, ఆ కొట్టుని తిట్టని ఆడదీ లేదు. దొరబాబు తండ్రి పోలిరాజు ఎప్పుడో తాటాకుల పాక వేసి సారాతో మొదలెట్టాడు. కొడుకు చేతికొచ్చాక పైన రేకులు పడ్డాయి, లోపల బల్లలు పడ్డాయి, సారా పోయి బ్రాందీ వచ్చింది, సీతమ్మధారలో రెండంతస్తుల మేడ లేచింది. ఇన్ని మారినా గుమ్మం పక్కన పొయ్యీ, దాని ముందు గంగాలమ్మా మాత్రం అలాగే ఉన్నారు.

మొగుడు వేటకెళ్ళి తిరిగిరాని ఏడు ఆమె ఆ పొయ్యి దగ్గర చేరింది. అప్పటికామెకి పాతికేళ్ళు. మొదటిరోజు నెత్తళ్ళు, అదే వేలెడంత చేపలు, వేయించి ఇస్తే పోలిరాజు ఒకటి నోట్లో వేసుకుని, "బాగుందే గానీ ఇది ఇంటి వంట. నాకు సీసాలు కదలాల," అంటూ పిడికెడు ఉప్పు తీసి తనే మూకుట్లో చల్లాడు. ఉప్పు తిన్నవాడు నీళ్ళు తాగక తప్పదంటారు. ఆ కొట్టులో నీళ్ళెవడు తాగుతాడు! గంగాలమ్మకి ముందు వెగటేసింది. నెల తిరిగేసరికి ఆమె నాలుక కూడా ఆ ఉప్పుకే అలవాటుపడింది, ఎక్కువన్న సంగతే మర్చిపోయింది. "గంగాలప్ప సెయ్యి పడితే సేప మాటాడతాదిరా" అని తాగినవాళ్ళు ఇరవయ్యేళ్ళు పొగుడుతుంటే నమ్మేసింది. నమ్మదూ మరి! ఆమె బతుకులో ఆమెను మెచ్చుకున్న నోళ్ళు అవే. జనం కొట్టుకొచ్చేది తన వేపుడు కోసమేననీ, సీసా దాని వెనకాలేననీ ఆమె ధీమా.

తొంభై అయిదులో మద్యనిషేధం వచ్చి కొట్టుకి తాళం పడింది. దొరబాబు దిగాలుగా ఇంటికి పోతుంటే గంగాలమ్మ మూసిన తలుపుల ముందే పొయ్యి రాజేసింది.

"మందు నేకపోతే ఏటి బాబూ? నా సేపలున్నాయి కదా," అంది.

మొదటిరోజు ఒక్కడూ రాలేదు. రెండోరోజూ అంతే. అప్పా అప్పా అంటూ చుట్టూ మూగినవాళ్ళు తల దించుకుని పక్క సందులోంచి పోయారు. వారం తిరిగేసరికి గంగాలమ్మ పొయ్యి ముందు కూర్చుని ఏడ్చింది. తిండికేం, చేపలెండబెట్టే పనైనా దొరుకుతుంది. ఇన్నాళ్ళూ నా చేతిలో ఏమీ లేదా అన్నదే ఆమె ఏడుపు.

అప్పుడొచ్చింది కాంతం. బోటు నడిపే సరంగు జగ్గయ్య పెళ్ళాం. కొట్టులో మూల బల్ల ఆ జగ్గయ్యదే. కాంతం ఆ గుమ్మం దాకా రావడం మాత్రం అదే మొదలు.

"నాకో పొట్లం కట్టప్పా. మా ఇంట్లో మడిసి ఇరవయ్యేళ్ళ బట్టి నా కూర నోట్లో ఎట్టుకోడం, గంగాలప్ప ఏపుడులాగ నేదని కంచం ఇసిరికొట్టడం. అంత గొప్పదేటో సూద్దారని వచ్చినాను," అంది.

గంగాలమ్మ గబగబా కళ్ళు తుడుచుకుని వేడివేడిగా వేయించి ఇచ్చింది. కాంతం ఒకటి నోట్లో వేసుకుని, వెంటనే పక్కకి తిరిగి ఉమ్మేసింది.

"ఓలమ్మో! ఇదేటప్పా, ఉప్పులో సేప ఏసినావా, సేపలో ఉప్పేసినావా? దీనికోసరమా నాను దెబ్బలు తిన్నాను?"

గంగాలమ్మకి కోపం రావాలి, రాలేదు. తనూ ఒకటి తీసుకుని నెమ్మదిగా నమిలింది. పాతికేళ్ళ వయసులో వేసిన ఆ వెగటు మళ్ళీ నోట్లోకొచ్చింది.

ఆ రెండేళ్ళూ కాంతం వంటింట్లో కూర్చుని ఉప్పెంత వెయ్యాలో ఆమె మళ్ళీ నేర్చుకుంది. నవ్వకండి, నలభై అయిదేళ్ళ మనిషి చిటికెడు చిటికెడుగా నేర్చుకుంది. ఇద్దరూ కలిసి మధ్యాహ్నం పూట రేవులో అన్నమూ వేపుడూ అమ్మేవారు. ఐసు మోసేవాళ్ళూ, వలలు బాగుచేసేవాళ్ళూ తిని, బాగుందప్పా అని చెయ్యి కడుక్కుని పోయేవారు. వెనకటిలా కేకలూ పొగడ్తలూ లేవు. జగ్గయ్య ఇంట్లోనే తింటున్నాడు, కంచం నేల మీదే ఉంటోంది.

తొంభై ఏడులో నిషేధం సడలింది. కొట్టు తలుపులు తీసిన దొరబాబు నేరుగా గంగాలమ్మ ఇంటికొచ్చాడు.

"నువ్వు నేకపోతే అది కొట్టే కాదు గంగాలప్పా. అదే ఏపుడు, అదే సెయ్యి. రాయే!"

పక్కనే ఉన్న కాంతం, "నీ ఇట్టం అప్పా," అంది, ముఖం చూడకుండా. వెళితే మళ్ళీ కాంతం కంచం ఎగురుతుంది. వెళ్ళకపోతే ఆ మెచ్చుకోళ్ళు ఈ జన్మకి వినబడవు. అబద్ధమెందుకు, గంగాలమ్మ వెళ్ళింది.

ఆ సాయంత్రం బల్లలన్నీ నిండిపోయాయి. గంగాలమ్మ మూకుట్లో మళ్ళీ ఆ పిడికెడు ఉప్పే చల్లింది. "అప్పొచ్చిందిరోయ్!" అని ఒకటే గోల. మూల బల్ల దగ్గర జగ్గయ్య ఒక చేప నోట్లో వేసుకుని కళ్ళు మూసుకున్నాడు.

"ఇదిరా ఏపుడంటే! మా ఇంట్లో అదీ ఏపుతాది, ఎందుకూ?"

ఎంత ఆశపడి వచ్చిందో ఆ మెప్పు కోసం! అది చెవిన పడగానే గంగాలమ్మకి సిగ్గేసింది. మూకుడు దించి బల్లల మధ్యకొచ్చింది.

"ఒరే, ఇనండ్రా. నా సెయ్యిలో ఏటీ నేదు. పిడికెడు ఉప్పు, అంతే. మీకు దప్పికెయ్యాల, బాబు సీసాలు కదలాల. ఇరవయ్యేళ్ళూ అందుకే ఏసినాను."

దొరబాబు ముఖం మాడిపోయింది. కొట్టంతా మాత్రం గొల్లుమంది. "అయితే ఇంకో పిడికెడు ఎయ్యప్పా!" అన్నాడొకడు. ఖాళీ ప్లేట్లు పైకి లేచాయి.

తాగేవాళ్ళలో జగ్గయ్య ఒక్కడే నవ్వలేదు.

"మరయితే," అన్నాడు మెల్లగా, "నాను కాంతం మీద ఇసిరిన కంచాలో?"

"అందులో సగం నాయి, జగ్గయ్యా. సగం నీయి. లెగు, ఇద్దరం ఎల్లి దానికి సెప్పుకుందారి."

జగ్గయ్య వెంటనే లేవలేదు. గ్లాసులో ఉన్నది తాగేసి మరీ లేచాడు. అప్పటికే గంగాలమ్మ పొయ్యి మీద నీళ్ళు కొట్టి గుమ్మం దాటింది.