తలుపు దాకా వచ్చిన సంగీతం

ఈ ఉదయం దీపం పెడుతుంటే కిటికీ సందులోంచి ముసురు గాలి ఈలలా సన్నగా లోపలికి వచ్చింది. ఆ చప్పుడుకు లింగమూర్తి మామ గుర్తొచ్చి చేతులు జోడించాను. దేవుడికా, ఆయనకా అంటే, ఇద్దరికీ అనే చెప్పాలి.

ఎనభైల్లో సిద్దిపేటలో ఆయన మా పక్కింటివారు. శనివారం భజనలో హార్మోనియం, పెళ్లిళ్లలో బ్యాండు వాయించేవారు. తరువాత దయ్యాల సినిమాలకు, హత్యల సినిమాలకు నేపథ్య సంగీతం కట్టి పేరు తెచ్చుకున్నారు. ఉబ్బసం వల్ల నేను బడికి పోలేదు. అమ్మ ఇంట్లోనే అక్షరాలు నేర్పింది. వినడం మామ నేర్పారు. ఒకరోజు ఆయన హార్మోనియం మెట్లు ముట్టకుండా తిత్తి మాత్రం మెల్లగా ఊపారు.

“ఏమినవడ్డది బిడ్డా?”

“గాలి, మామా.”

“గాలేనా? కండ్లు మూసుకొని ఇను.”

“ఎవరో... ఊపిరి తీసుకుంటున్నరు.”

“గది! నీ ఆయాసం ఇని ఇనే నాకీ ఉపాయం తోచింది.”

నలుగురిలో దాచుకునే నా ఆయాసం ఒకరికి పనికొచ్చిందని తెలిసి, ఆ పూట నేను అన్నం కడుపునిండా తిన్నాను.

అమ్మకు మాత్రం గిట్టేది కాదు. “దేవునర్ర పక్కన దయ్యాల పాటలేందన్నా?”

“దయ్యమొస్తె నీ దీపం జూసే ఉరుకుతది చెల్లే!”

ఆయన మొదటి సినిమా నిర్మాత మద్రాసు నుంచి వచ్చారు. టేపురికార్డరు మా ఇంట్లోనే ఉండేది కనుక మామ కట్టిన సంగీతం అక్కడే కూర్చుని విన్నారు. “ఇదేం సంగీతమయ్యా? డ్రమ్ములేవి? దయ్యం తలుపు తీసినప్పుడైనా ధనధన మోగాలి కదా! మార్చకపోతే ఇంకొకరిని పెట్టుకుంటాను.”

ఈ సినిమాను నమ్ముకునే మామ బ్యాండు మానేశారు. అయినా వెనక్కి తగ్గలేదు. “తలుపు తెరిచినంక భయమేడిది సారూ? తెరువకముందే ఉంటది. డప్పు నేను వెయ్య. ఇంకోపారి ఇనున్రి. నచ్చకుంటె మల్ల బ్యాండుకే పోత.”

మళ్లీ టేపు తిరిగింది. అందులో హార్మోనియం తిత్తి ఊపిరి ఒక్కటే. వంటింట్లో బియ్యం ఏరుతున్న అమ్మ ఉన్నట్టుండి కేకేసింది: “పిల్లా, తలుపుకాడ ఎవరో నిలవడ్డరు, సూడు!”

నిర్మాత తల గిర్రున వాకిలి వైపు తిరిగింది. అక్కడ ఎవరూ లేరు. ఆయన రుమాలుతో మెడ తుడుచుకుని, “సరేనయ్యా, డ్రమ్ములొద్దు,” అన్నారు. అమ్మ మాత్రం గొణుక్కుంటూ సాంబ్రాణి వేసింది.

తొంభైల్లో ఒక్క డ్యాన్సు పాటైనా కట్టమని ఎందరో బతిమాలారు. “దేవుడు నాకిచ్చిన చెలక గిదే. గిదే దున్నుత,” అనేవారు మామ. చివరిదాకా అదే దున్నారు.

ఇప్పుడు నేను మా వీధి ఆడవాళ్లకు భజనలు నేర్పుతున్నాను. మొన్న ఒకామె మొహమాటపడుతూ, “అక్కా, ఆయాసంతోని నడుమ నడుమ ఆగుతున్నవు. కీబోర్డు పెడితె కప్పుకపోతది,” అంది.

“కప్పకున్రి,” అన్నాను. “నేనాగినకాడ మీరూ ఆగున్రి.”

ఆగారు. ఊపిరి తీసుకున్నాను. అందరం కలిసి మళ్లీ ఎత్తుకున్నాం.